మంచు చెరువులు



నీళ్ళ సంగతి మీకు ఒకరు చెప్పాలా? బోరింగు ఎన్నిసార్లు కొడితే బిందె నిండుతుందో మీకు తెలుసు. ఏ నెలలో బావి అడుగు కనపడుతుందో తెలుసు. ట్యాంకరు వచ్చినప్పుడు ఎంత తోపులాట జరుగుతుందో తెలుసు. నీళ్ళ కరువును ముందుగా చూసేది ఆడవాళ్ళ కళ్ళే. ఆ బరువు మోసేది ఆడవాళ్ళ నడుమే.

ఈ పాఠంలో మన దేశంలోనే దూరంగా ఉన్న కొన్ని ఊళ్ళ సంగతి చదువుదాం. అక్కడ కొండల మీద మంచు ఉంది. అయినా నీళ్ళకు కరువు. ఆ కరువును దాటడానికి అక్కడి వాళ్ళు ఒక ఉపాయం చేశారు. చలికాలంలో వృథాగా పోయే నీళ్ళను గడ్డ కట్టించి దాచారు. విత్తనాల వేళకు ఆ గడ్డ కరిగితే పొలాలకు పెట్టుకున్నారు. మనం పంట రాగానే వడ్లు గాదెలో పోసి, అవసరానికి తీసుకుంటాం. ఇదీ అట్లాంటిదే.

ఎట్లా దాచారు? ఎవరు దాచారు? మెల్లగా చదువుదాం. కొత్త మాటల అర్థాలు పాఠం చివర ఉన్నాయి.

లడాఖ్ ఎక్కడ ఉంది?

మన దేశం పటం చూడండి. పైన, ఉత్తరం కొసన హిమాలయ పర్వతాలు ఉన్నాయి. అక్కడే లడాఖ్ ఉంది. ముందు అది జమ్మూ కాశ్మీరు రాష్ట్రంలో ఉండేది. 2019 అక్టోబరు 31 నుంచి విడిగా కేంద్రపాలిత ప్రాంతం అయింది. అందులో పెద్ద ఊరు లేహ్.

లేహ్ చాలా ఎత్తులో ఉంది. సముద్రం కంటే సుమారు 3,500 మీటర్లు ఎత్తు. మన తిరుమల కొండ ఎత్తుకు దాదాపు నాలుగు రెట్లు. అంత ఎత్తున గాలి పలుచన. కొత్తగా వెళ్ళిన వాళ్ళకు నాలుగడుగులు వేస్తే ఆయాసం వస్తుంది.

అక్కడ వాన చాలా తక్కువ. సముద్రం వైపు నుంచి వచ్చే మబ్బులను హిమాలయాలు గోడ లాగా అడ్డుకుంటాయి. మబ్బులు ఇవతలే కురిసి పోతాయి. అవతల ఉన్న లడాఖ్‌కు మిగిలేది కొంచెమే.

ఎంత కొంచెం? మన దగ్గర కరువు సీమ అంటే అనంతపురం గుర్తొస్తుంది. అక్కడ ఏడాదికి సుమారు 55 సెంటీమీటర్ల వాన పడుతుంది. ఆ నీళ్ళన్నీ ఇంకకుండా, పారకుండా నిలిచాయి అనుకోండి. మోకాలి దాకా వస్తాయి. లేహ్‌లో ఏడాదంతా పడేది సుమారు 10 సెంటీమీటర్లే. బెత్తెడు కంటే కొంచెం ఎక్కువ. అంతే.

అందుకే లడాఖ్‌ను చలి ఎడారి అంటారు. ఎడారి అంటే ఎండ, ఇసుక అనుకుంటాం. చలిలో కూడా ఎడారి ఉంటుంది. చెట్టూ చేమా లేని గోధుమ రంగు కొండలు. నీరు పారిన చోట మాత్రం పచ్చని ఊరు.

రెండు నెలల కరువు

"కొండల మీద మంచు ఉంది గదా. అది కరిగితే నీళ్ళే గదా. మరి కరువు ఎందుకు?" అని మీరు అడగవచ్చు. మంచి ప్రశ్న. జవాబు నెలల లెక్కలో ఉంది.

లడాఖ్‌లో చాలా ఊళ్ళలో ఏడాదికి ఒకటే పంట. బార్లీ, గోధుమ, బఠాణీ పండిస్తారు. బంగాళాదుంపలు వేస్తారు. ఖుబానీ పండ్ల తోటలు పెంచుతారు. హైదరాబాదు విందుల్లో ఖుబానీ కా మీఠా పెడతారే, ఆ పండే.

విత్తనం వేసేది ఏప్రిల్, మే నెలల్లో. అప్పుడు పొలానికి తడి కావాలి. కానీ మంచు గడ్డలు ఉండేది చాలా పైన, 5,000 మీటర్లు దాటిన ఎత్తులో. అక్కడికి వేడి ఆలస్యంగా చేరుతుంది. ఆ మంచు కరిగి వాగులోకి నీళ్ళు బాగా దిగేసరికి జూన్ నెల వస్తుంది.

అంటే ఏప్రిల్, మే నెలల్లో పొలం ఎదురు చూస్తుంది. వాగు సన్నగా పారుతుంది.

"పోనీ జూన్‌లో విత్తుకోవచ్చు గదా?" అనవచ్చు. కుదరదు. సెప్టెంబరు దాటితే మళ్ళీ చలి మొదలవుతుంది. ఆలస్యంగా విత్తిన పైరు గింజ పట్టక ముందే చలి పడుతుంది. అదును తప్పితే పంట దక్కదు. ఈ మాట మీకు తెలియనిది కాదు.

ఒకటే పంట. అది పోతే ఏడాది తిండి పోతుంది. పశువుల మేత పోతుంది. చాలా మంది మగవాళ్ళు సైన్యంలోనో, లేహ్ పట్నంలోనో పనికి పోతారు. పొలం పనులు, పశువుల పనులు ఎక్కువగా ఆడవాళ్ళ మీదే పడతాయి. నీళ్ళు రాకపోతే ఆ ఇబ్బంది కూడా వాళ్ళదే.

దీనికి తోడు ఇంకో కష్టం వచ్చింది. భూమి మీద వేడి పెరుగుతోంది. బొగ్గు, పెట్రోలు, డీజిలు మండించిన పొగ వల్ల ఇది జరుగుతోందని శాస్త్రవేత్తలు తేల్చారు. వేడి పెరిగి హిమాలయాల్లో పాత మంచు గడ్డలు చిన్నవవుతున్నాయి. కింది ఊళ్ళకు దగ్గరగా ఉన్న చిన్న గడ్డలు ముందుగా పోతున్నాయి. జంస్కార్ అనే ప్రాంతంలో కుమిక్ అనే ఊరు ఉంది. వాగులో నీళ్ళు చాలక, ఆ ఊరి వాళ్ళు తాతల నాటి ఇళ్ళు వదిలి, కింద నది వైపు కొత్త ఊరు కట్టుకోవాలని నిర్ణయించుకున్నారు. పుట్టిన ఊరిని నీళ్ళ కోసం వదలడం అంటే ఎంత బాధో ఆలోచించండి.

కొళాయి దగ్గర పుట్టిన ఆలోచన

లేహ్‌లో ఒక ఇంజనీరు ఉన్నారు. ఆయన పేరు చెవాంగ్ నోర్ఫెల్. పేరు పలకడం కొంచెం కష్టం. కూడబలుక్కుని చదవండి. చె - వాంగ్. నోర్ - ఫెల్.

ఆయన రైతు కుటుంబంలో పుట్టారు. 1960లో ప్రభుత్వ ఉద్యోగంలో చేరారు. గ్రామాభివృద్ధి శాఖలో పని. లడాఖ్ ఊళ్ళన్నీ తిరిగి రోడ్లు, కాలువలు, చిన్న వంతెనలు కట్టించారు. ఎక్కడికి పోయినా రైతులు చెప్పేది ఒకటే. "విత్తనాల వేళకు నీళ్ళు లేవు."

చలికాలంలో లేహ్‌లో కొళాయిలు కట్టెయ్యరు. రాత్రి చలి సున్నా కంటే 20 డిగ్రీలు కిందికి కూడా దిగుతుంది. సున్నా దగ్గరే నీళ్ళు గడ్డ కడతాయి. కొళాయి కట్టేస్తే గొట్టంలో నీళ్ళు గడ్డ కట్టి గొట్టం పగిలిపోతుంది. అందుకని కొళాయి తిప్పి వదిలేస్తారు. ఆ నీళ్ళు అట్లాగే పారి పోతుంటాయి.

వాగు కూడా అంతే. చలికాలంలో సన్నగా పారుతూనే ఉంటుంది. అప్పుడు పొలంలో పంట లేదు. ఆ నీళ్ళతో పని లేదు. అవన్నీ దిగి సింధు నదిలో కలిసిపోతాయి. కావలసినప్పుడు లేవు. అక్కర లేనప్పుడు పారి పోతున్నాయి!

నోర్ఫెల్ గారు ఇంకోటి కూడా గమనించారు. చిన్న కాలువలో నీళ్ళు వేగంగా పారే చోట గడ్డ కట్టడం లేదు. పోప్లార్ చెట్ల నీడలో నీళ్ళు నెమ్మదిగా పారుతున్నాయి. అక్కడ గడ్డ కట్టాయి.

ఇందులో రెండు సంగతులు ఉన్నాయి. ఒకటి, నీళ్ళు నెమ్మదిగా పారాలి. రెండు, నీడ ఉండాలి. ఈ రెండూ ఉంటే వాగు నీళ్ళను మనమే గడ్డ కట్టించవచ్చు అని ఆయనకు తోచింది.

చాలా మంది నవ్వారు. మంచు గడ్డను మనిషి తయారు చేస్తాడా అన్నారు. పిచ్చి అన్నారు. ఆయన వెనక్కి తగ్గలేదు. 1987లో ఫుక్‌ట్సే అనే ఊరి పైన మొదటి మంచు చెరువు కట్టించారు.

మంచు చెరువు ఎట్లా కడతారు?

దీనికి కరెంటు అక్కర లేదు. మోటారు అక్కర లేదు. రాళ్ళు, కాలువ, మనుషుల శ్రమ కావాలి. పని వరుస ఇది.

1. ముందు చోటు చూస్తారు. ఊరికి పైన ఉండాలి. కొండ నీడ పడే వైపు ఉండాలి. నేల మరీ నిటారుగా ఉండకూడదు.

2. వాగు నుంచి ఆ చోటికి కాలువ తవ్వుతారు.

3. వాలుకు అడ్డంగా రాళ్ళతో పొట్టి గోడలు కడతారు. ఒక గోడ కింద ఇంకో గోడ, మెట్లు మెట్లుగా.

4. నవంబరులో చలి ముదరగానే కాలువలోకి నీళ్ళు వదులుతారు. ఒక్కసారిగా కాదు. సన్నగా, పలుచగా పారేటట్టు వదులుతారు.

5. నీళ్ళు గోడ దగ్గర ఆగుతాయి. పలుచగా పరుచుకుంటాయి. రాత్రి చలికి గడ్డ కడతాయి. మర్నాడు దాని మీదికి మళ్ళీ నీళ్ళు వస్తాయి. అవీ గడ్డ కడతాయి. దోసె మీద దోసె పేర్చినట్టు పొర మీద పొర లేస్తుంది.

చలికాలం అయ్యేసరికి కొండ వాలు మీద తెల్లని మంచు చెరువు తయారవుతుంది.

ఇది అసలు మంచు గడ్డల కంటే చాలా కింద ఉంటుంది. కింద వేడి ముందుగా వస్తుంది. కాబట్టి ఇది ముందుగా కరుగుతుంది. సరిగ్గా ఏప్రిల్, మే నెలల్లో, విత్తనం వేళకు నీళ్ళు దిగుతాయి. కిటుకు అంతా ఇక్కడే ఉంది.

నోర్ఫెల్ గారు ఇంకో తెలివైన పని చేశారు. ఒకే చోట కాకుండా, వేరు వేరు ఎత్తుల్లో మంచు చెరువులు కట్టించారు. ఊరికి దగ్గరది ముందు కరుగుతుంది. దాని నీళ్ళు అయిపోయే వేళకు పైది కరుగుతుంది. ఆ తరువాత ఇంకా పైది. చివరకు జూన్‌లో అసలు మంచు గడ్డ నీళ్ళు అందుకుంటాయి. వంతులవారీగా పనికి వచ్చినట్టు ఒకదాని వెనక ఒకటి.

కరిగిన నీళ్ళలో కొంత నేలలో ఇంకుతుంది. దాని వల్ల కింది ఊటలకు కూడా బలం వస్తుంది.

1990ల మధ్యలో ఆయన ఉద్యోగం నుంచి రిటైర్ అయ్యారు. పని మాత్రం ఆపలేదు. లేహ్ న్యూట్రిషన్ ప్రాజెక్టు అనే స్వచ్ఛంద సంస్థతో కలిసి పని చేశారు. నాంగ్, స్టక్మో, ఇగూ లాంటి ఊళ్ళలో మంచు చెరువులు కట్టించారు. 2015లో ప్రభుత్వం ఆయనకు పద్మశ్రీ ఇచ్చింది. జనం ఆయనను మంచు మనిషి అని పిలుచుకున్నారు.

మంచు స్తూపం

మంచు చెరువులకు ఒక ఇబ్బంది ఉంది. అవి బాగా ఎత్తున, నీడ చోటే నిలుస్తాయి. గడ్డ కట్టే చలిలో అంత పైకి ఎక్కి కాలువలు చూసుకోవడం కష్టం.

లడాఖ్‌కే చెందిన ఇంకో ఇంజనీరు సోనమ్ వాంగ్‌చుక్ గారు. 1988లో తోటి వాళ్ళతో కలిసి చదువుల కోసం ఒక సంస్థ పెట్టారు. పరీక్షల్లో తప్పిన పిల్లలకు అక్కడ చదువు, పని రెండూ నేర్పారు. ఒక మే నెలలో ఆయన ఒక వంతెన కింద మంచు గడ్డ చూశారు. చుట్టూ ఎక్కడా మంచు లేదు. ఆ చోటు ఎత్తైనది కూడా కాదు. మరి ఎట్లా నిలిచింది? వంతెన నీడ వల్ల. ఎండ తగలకపోతే మంచు కింద కూడా నిలుస్తుందని ఆయనకు అర్థమైంది.

కానీ ఊరి దగ్గర అంత నీడ ఎక్కడ తేవాలి? నీడ తేలేకపోతే, ఎండ తక్కువ తగిలేటట్టు చెయ్యాలి.

వడ్లు ఆరబెట్టే సంగతి గుర్తు చేసుకోండి. వడ్లు పలుచగా పరిస్తే ఒక్క పూటలో ఆరతాయి. రాశిగా పోస్తే పైవి ఆరతాయి, లోపలివి ఆరవు. ఎందుకు? రాశిలో ఎండ తగిలేది పైపొరకే. మంచు కూడా అంతే. పలుచగా పరిస్తే తొందరగా కరుగుతుంది. రాశిగా పోస్తే నెమ్మదిగా కరుగుతుంది.

మరి నీళ్ళను రాశిగా పోయడం ఎట్లా?

ఊరి ట్యాంకును చూడండి. ట్యాంకు ఎత్తున ఉంటుంది. గొట్టం నేలలో దిగి ఇంటికి వస్తుంది. కొళాయి తిప్పితే మోటారు లేకుండానే నీళ్ళు తోసుకొస్తాయి. ఎత్తు నుంచి దిగిన నీళ్ళకు మళ్ళీ పైకి లేచే బలం ఉంటుంది. వాంగ్‌చుక్ గారు, ఆయన విద్యార్థులు ఇదే వాడుకున్నారు. వాగు పైన ఎత్తు చోట గొట్టం పెట్టారు. దాన్ని నేల లోపలి నుంచి ఊరి దాకా తెచ్చి నిటారుగా నిలబెట్టారు. రాత్రి చలిలో నీళ్ళు గొట్టం కొస నుంచి పైకి చిమ్మి, తుంపరలుగా పడ్డాయి. కింద ముళ్ళ కంపలతో కట్టిన గుడిసె లాంటిది ఉంది. దాని మీద పడి గడ్డ కట్టాయి. రోజు రోజుకూ రాశి పెరిగింది.

ఆ ఆకారం బౌద్ధుల స్తూపం లాగా ఉంది. లడాఖ్‌లో బౌద్ధులు చాలా మంది. వాళ్ళ ఊళ్ళలో స్తూపాలు కనిపిస్తాయి. అందుకే దీనికి మంచు స్తూపం అని పేరు పెట్టారు. స్తూపం అంటే మనకూ కొత్త కాదు. మన అమరావతిలో పాత కాలపు గొప్ప స్తూపం ఉండేది.

మొదటి మంచు స్తూపం 2013-14 చలికాలంలో కట్టారు. ఎత్తు 6 మీటర్లు. ఎండ బాగా తగిలే చోటే కట్టారు, నిలుస్తుందో లేదో చూడడానికి. అది 2014 మే 18 దాకా నిలిచింది.

తరువాత ఫ్యాంగ్ అనే ఊరి దగ్గర పెద్దది కట్టారు. ఎందరో చందాలు ఇచ్చారు. 2.3 కిలోమీటర్ల గొట్టం వేశారు. 2015లో ఆ స్తూపం సుమారు 20 మీటర్ల ఎత్తు లేచింది. అంటే ఆరంతస్తుల మేడంత. జూలై మొదటి రోజుల దాకా నీళ్ళు ఇచ్చింది. ఊరి వాళ్ళు నాటిన 5,000 పోప్లార్, విల్లో మొక్కలకు ఆ నీళ్ళు పెట్టారు. లడాఖ్ ఇళ్ళ పైకప్పు దూలాలకు, వాసాలకు ఈ చెట్ల కర్రలే వాడతారు.

లెక్క చేద్దాం

మొదటి స్తూపంలో 1,50,000 లీటర్ల నీళ్ళు నిలిచాయి. ఒక బిందెకు 15 లీటర్లు అనుకుందాం.

1,50,000 ÷ 15 = 10,000 బిందెలు.

ఒక ఇంటికి రోజుకు 10 బిందెలు వాడితే ఎన్ని రోజులు వస్తాయి?

10,000 ÷ 10 = 1,000 రోజులు.

ఫ్యాంగ్ స్తూపం 15,00,000 లీటర్లు ఇచ్చింది. అవి ఎన్ని బిందెలు? 5,000 మొక్కలకు సమంగా పంచితే ఒక్కో మొక్కకు ఎన్ని బిందెలు వస్తాయి? పలక మీద మీరే చేసి చూడండి.

మంచుకు పెళ్ళి

లడాఖ్ పక్కనే బల్తిస్తాన్ ఉంది. ఇప్పుడు అది పాకిస్తాన్ చేతిలో ఉంది. అక్కడి పెద్దలకు పాతకాలం నుంచి ఒక నమ్మకం ఉంది. మంచు గడ్డల్లో ఆడ, మగ ఉంటాయట. మట్టి, రాళ్ళు కప్పి నల్లగా ఉండేది మగ మంచు. అది నీళ్ళు తక్కువ ఇస్తుంది. తెల్లగా మెరిసేది ఆడ మంచు. అది నీళ్ళు ఎక్కువ ఇస్తుంది. రెండింటి ముక్కలూ వీపున మోసుకుని పోయి, కొండ మీద నీడ చోట గుంటలో కలిపి పెట్టి కప్పేవారు. అక్కడ కొత్త మంచు గడ్డ పుడుతుందని నమ్మేవారు. దాన్ని మంచు పెళ్ళి అనేవారు.

మంచుకు ఆడ, మగ ఉండవు. కానీ ఈ ఆచారంలో వెనకటి వాళ్ళ ఎరుక ఉంది. ఎత్తు చోటు, నీడ, చల్లదనం ఉంటే మంచు నిలుస్తుందని వాళ్ళకు తెలుసు. చదువు రాని వాళ్ళకు తెలివి లేదనుకోవడం తప్పు.

నీళ్ళు పంచేది ఎవరు?

నీళ్ళు దాచడం సగం పని. పంచడం మిగతా సగం.

లడాఖ్ ఊళ్ళలో నీళ్ళు పంచడానికి ఒక మనిషిని ఎంచుకుంటారు. ఆ మనిషిని చుర్‌పోన్ అంటారు. ఎవరి పొలానికి ఎప్పుడు, ఎంత సేపు నీళ్ళు పెట్టాలో చుర్‌పోన్ చూస్తాడు. మన చెరువుల కింద నీరుగట్టు ఉండేవాడు గదా, అట్లాంటి పని.

మంచు చెరువు కూడా ఊరందరిదీ. ఏటా చలికాలం ముందు గోడలు సరి చేయాలి. కాలువలో మట్టి తియ్యాలి. చలిలో పోయి నీళ్ళు సరిగా పారుతున్నాయో లేదో చూడాలి. ఊరు కదలకపోతే మంచు చెరువు రెండేళ్ళలో రాళ్ళ కుప్ప అవుతుంది.

కష్టాలు కూడా ఉన్నాయి

మంచి పనిలో కూడా చిక్కులు ఉంటాయి. అవి కూడా తెలుసుకోవాలి.

మంచు చెరువు కొత్త నీళ్ళను పుట్టించదు. ఉన్న నీళ్ళనే ఒక కాలం నుంచి ఇంకో కాలానికి దాస్తుంది. చలికాలంలో వాగులో నీళ్ళు తగ్గితే దాచేది కూడా తగ్గుతుంది. పైన ఉన్న అసలు మంచు గడ్డ పూర్తిగా కరిగిపోతే, వాగులోకి నీళ్ళు ఎక్కడి నుంచి వస్తాయి?

చలి మరీ ఎక్కువైతే గొట్టాల్లోనే నీళ్ళు గడ్డ కడతాయి. పని ఆగిపోతుంది. ఎండాకాలంలో వరద వస్తే గోడలు కొట్టుకుపోతాయి. 2010 ఆగస్టులో లేహ్ దగ్గర ఒక్కసారిగా కుండపోత వాన పడింది. వాన ఎరగని నేల అది. బురద వరద ఇళ్ళ మీద పడి 200 మందికి పైగా చనిపోయారు.

ఇంకో చిక్కు మనుషుల మధ్యది. ఫ్యాంగ్ పైన నీళ్ళు స్తూపానికి మళ్ళిస్తే, ఆ వాగు మీదే బతికే కింది ఊరి వాళ్ళు అభ్యంతరం చెప్పారు. పై ఊరు నీళ్ళు ఆపితే కింది ఊరి మాటేమిటి? పై మడి వాళ్ళకు, కింది మడి వాళ్ళకు తగవు మన దగ్గర లేదా? అందరూ కూచుని మాట్లాడుకున్నాక మొదలు పెట్టాల్సిన పని ఇది.

అయినా ఈ ఉపాయం చాలా దూరం పోయింది. పాకిస్తాన్, కిర్గిజిస్తాన్, చిలీ, స్విట్జర్లాండ్ దేశాల్లో కూడా మంచు స్తూపాలు కట్టి చూశారు.

మనకు ఇందులో ఏముంది?

మన ఊళ్ళో మంచు పడదు. మంచు స్తూపం కట్టలేం. కానీ ఈ పాఠంలో మనకు పనికొచ్చే మాట ఒకటి ఉంది. అక్కర లేనప్పుడు పారి పోయే నీళ్ళను ఆపి, అక్కర పడే రోజుకు దాచాలి.

వాళ్ళకు ఏడు నెలల చలి ఉంది. వాళ్ళు మంచులో దాస్తారు. మనకు మూడు నాలుగు నెలల వాన ఉంది. మనం నేలలో దాచాలి. వాళ్ళు కొండ వాలు మీద రాతి గోడలు కట్టి నీళ్ళ వేగం తగ్గిస్తారు. మనం వాలుకు అడ్డంగా కందకాలు తవ్వి, వాగుకు అడ్డంగా రాతి కట్టలు కట్టి వేగం తగ్గిస్తాం. పరుగెత్తే నీళ్ళను నడిపించాలి. నడిచే నీళ్ళను నిలబెట్టాలి. నిలబడ్డ నీళ్ళను ఇంకించాలి. అక్కడైనా, ఇక్కడైనా సూత్రం ఒకటే.

ఉపాధి పనుల్లో ఊటకుంటలు తవ్విన చేతులు మీవే. ఆ మట్టి తట్టలు ఎత్తింది మీరే. కానీ కుంట ఎక్కడ తవ్వాలి అని నిర్ణయించే రోజున మిమ్మల్ని అడిగారా? నీళ్ళు ఏ గట్టు నుంచి దిగుతాయో, ఏ మడుగు ఏ నెల దాకా ఉంటుందో రోజూ తిరిగే మీకు తెలుసు. ఆ మాట గ్రామసభలో చెప్పాలి. ఇప్పుడు మీకు చదువు వచ్చింది. పని బోర్డు మీద రాసిన కొలతలు చదవగలరు. ఎంత ఖర్చు రాశారో చదవగలరు. తవ్విన లోతు, రాసిన లోతు ఒకటేనా అని చూడగలరు.

నోర్ఫెల్ గారు చూసిన కొళాయి నీళ్ళను లేహ్‌లో అందరూ చూశారు. ఆయన ఆగి ఆలోచించారు. మీ ఊళ్ళో కూడా ఎక్కడో ఒకచోట నీళ్ళు వృథాగా పోతుంటాయి. ఈ వారం ఆ చోటు చూసి రండి.

కొత్త మాటలు

ఎడారి: వాన చాలా తక్కువ పడే నేల.
స్తూపం: బౌద్ధులు కట్టే గుండ్రని పవిత్ర కట్టడం.
కేంద్రపాలిత ప్రాంతం: కేంద్ర ప్రభుత్వం నేరుగా పాలించే ప్రాంతం.
అభ్యంతరం: ఒప్పుకోము అని చెప్పడం.
ఊటకుంట: వాన నీళ్ళు నిలిచి నేలలో ఇంకడానికి తవ్విన కుంట.

జవాబు చెప్పండి

1. లడాఖ్ రైతులకు నీళ్ళు ఎక్కువ అవసరం ఏ నెలల్లో?
2. మొదటి మంచు చెరువు ఏ ఊరి పైన, ఏ సంవత్సరంలో కట్టారు?
3. మంచును రాశిగా పోస్తే ఎందుకు నెమ్మదిగా కరుగుతుంది?
4. వేరు వేరు ఎత్తుల్లో మంచు చెరువులు ఎందుకు కట్టారు?

కలిసి మాట్లాడండి

1. మన ఊరి చెరువుకు నీళ్ళు వచ్చే కాలువ ఇప్పుడు ఎట్లా ఉంది? ఎవరైనా ఆక్రమించారా?
2. పై పొలం వాళ్ళు నీళ్ళు ఆపితే కింది వాళ్ళు ఏం చెయ్యాలి? ఇద్దరికీ న్యాయం జరిగే దారి ఏమిటి?
3. మన ఊళ్ళో నీళ్ళు పంచే పని ఆడవాళ్ళ చేతిలో పెడితే ఏమి మారుతుంది?

రాయండి

మీ ఊరి నీళ్ళ గురించి ఐదు వాక్యాలు రాయండి. తప్పులు వస్తాయని భయపడకండి. రాసింది మీ పక్కనున్న అక్కకు చదివి వినిపించండి.

(లెక్క జవాబు: 15,00,000 ÷ 15 = 1,00,000 బిందెలు. ఒక్కో మొక్కకు 1,00,000 ÷ 5,000 = 20 బిందెలు.)